జ్యోతిక ఎనిమిదేళ్ళు సినిమాలు మానేయడం ఆవిడ ఇష్టమా, మనకి నష్టమా?

మొన్న టీవీలో చంద్రముఖి వేస్తే మళ్ళీ ఇదే ఆలోచన. 2005లో రజనీ సినిమాలో క్లైమాక్స్ మొత్తం తనవైపు లాక్కున్న మనిషి, 2006 సెప్టెంబర్‌లో సూర్యతో పెళ్ళి, 2007లో తమిళ సినిమా మొళి వచ్చింది, అందులో వినలేని మాట్లాడలేని అమ్మాయి, కళ్ళతోనే నడిపించేసింది, ఇక అంతే, మళ్ళీ చూసింది 2015లో. నాకైతే మనసొప్పదు. మీరేమంటారు?

జవాబు 1:
బ్రో, పిల్లల్ని దగ్గరుండి పెంచుకోవాలనుకుంది, పెంచుకుంది. బలవంతం చేశారని మనమెందుకు అనుకోవాలి? తిరిగొచ్చిన 36 వయదినిలే తీసింది కూడా సూర్య బ్యానర్ 2డీనే కదా, అంత సపోర్ట్ ఎంతమందికి ఉంటుంది చెప్పు.

జవాబు 2:
తమ్ముడూ, ఆ సపోర్ట్‌ని నేను కాదనట్లేదు, సూర్యని తప్పుపట్టట్లేదు కూడా. కానీ పిల్లలు ఇద్దరికీ పుట్టారు, ఆ ఎనిమిదేళ్ళలో ఆయన వారణం ఆయిరం చేశాడు, సింగం చేశాడు, ఎందుకు మానలేదని ఒక్కరూ అడగలేదు. తిరిగి రావడానికి ఇంట్లోనే బ్యానర్ ఉండబట్టి సరిపోయింది, లేనివాళ్ళ సంగతేంటి? అసలు ఆ 36 వయదినిలే కథ ముందు మలయాళంలో 2014లో సినిమాగా వచ్చింది, అందులో చేసిన మంజు వారియర్ కూడా పెళ్ళి తర్వాత ఏళ్ళ తరబడి ఇంట్లో ఉండి దాంతోనే తిరిగొచ్చింది. ఆఫీసులో, ఇంట్లో ఎవరికీ లెక్కలేని ఒక ఆడమనిషి మిద్దె తోట మొదలుపెట్టి నిలబడే కథ. నేను థియేటర్లో ఏడ్చేశా. మా బాబు పుట్టాక ఆరేళ్ళు ఉద్యోగం మానేశాను, మళ్ళీ వెళ్తే ఇంటర్వ్యూలో మొదటి ప్రశ్న ఈ గ్యాప్ ఏంటమ్మా అని. మా ఆయన్ని జన్మలో ఎవరూ అడగరు ఆ మాట.

జవాబు 1:
అక్కా, మీ బాధ అర్థమైంది, అది నిజం. కానీ వచ్చాక చేసినవి చూడండి, మగళిర్ మట్టుమ్, కాట్రిన్ మొళి, 2023లో మమ్ముట్టి పక్కన మలయాళం కాదల్. పెళ్ళికి ముందు ఇలాంటి పాత్రలు ఎన్ని ఇచ్చారు? గ్యాప్ లేకపోతే మాత్రం ఇచ్చేవాళ్ళా?

జవాబు 2:
ఇచ్చేవాళ్ళు కాదేమో, ఒప్పుకుంటా. ముప్పై దాటిన హీరోయిన్‌కి కథ రాసేవాళ్ళే అప్పట్లో తక్కువ. అయితే తప్పు అక్కడుంది, పెళ్ళిలో కాదు. మనవాళ్ళనే చూడు, ఠాగూర్, మాస్, షాక్ చేయించుకున్నారు, తిరిగొచ్చి ఇన్నేళ్ళయినా ఒక్క డైరెక్ట్ తెలుగు సినిమాలో కూడా పెట్టుకోలేదు. ముందు దానికి జవాబు చెప్పండి ఎవరైనా.