బీకాం చదివాను, సినిమాల్లో ప్రొడక్షన్ డిజైనర్ కావచ్చా?

ప్రశ్న (హనుమకొండ నుంచి):
అన్నలూ, అక్కలూ, నమస్తే. నిరుడు బీకాం అయిపోయింది. చిన్నప్పటి నుంచి బొమ్మలు వేస్తా. మా గల్లీ వినాయకుడి మండపానికి వేయిస్తంభాల గుడి లెక్క థర్మాకోల్‌తో సెట్ వేశాం, పద్నాలుగు అడుగుల ఎత్తు. అప్పటి నుంచి మనసంతా దీని మీదే ఉంది. బాపు బ్యాంకు కోచింగ్‌కు పొమ్మంటున్నాడు. ఫైన్ ఆర్ట్స్ చదవనోళ్లకు ఈ లైన్‌లో చోటు ఉంటుందా? ఆర్ట్ డైరెక్టర్, ప్రొడక్షన్ డిజైనర్ ఒకరేనా?

జవాబు (జనగామ, తొమ్మిదేళ్లుగా ఆర్ట్ డిపార్ట్‌మెంట్‌లో):
తమ్మీ, చోటు ఉంటుంది. ముందు నీ రెండో ప్రశ్న. సినిమా మొత్తం కంటికి ఎలా కనబడాలో దర్శకుడితో, కెమెరామన్‌తో కూర్చుని తేల్చేది ప్రొడక్షన్ డిజైనర్. దాన్ని డ్రాయింగులుగా, సెట్‌గా నిలబెట్టేది ఆర్ట్ డైరెక్టర్. మన దగ్గర చాలా సినిమాలకు రెండు పనులూ ఒక్కరే చేస్తారు. ప్రొడక్షన్ డిజైనర్ అనే పేరు మొదట హాలీవుడ్‌లో 1939లో ‘గాన్ విత్ ద విండ్’కు పనిచేసిన విలియం కామెరాన్ మెంజీస్‌కు ఇచ్చారు.

బొమ్మ బాగా వేయడం ఇందులో పావు వంతే. స్క్రిప్టు చదివి ఏ సీన్‌కు ఏ చోటు, ఏ సామాను, ఎంత ఖర్చు అని రాసుకోవడం దగ్గర పని మొదలవుతుంది. లెక్కలు రాయడం వచ్చినోడికి ఇక్కడ విలువ ఉంది, నీ బీకాం వృథా పోదు. ఆ మండపం ఫొటోలు ఒక్కటే చూపించకు. ముందు వేసిన స్కెచ్, కొలతలు, ఎన్ని షీట్లు పట్టినయి, ఎన్ని రోజులు, ఎంత ఖర్చు, అన్నీ ఒక ఫైల్‌లో పెట్టు. అసిస్టెంట్‌గా తీసుకునేవాళ్లు చూసేది అదే.

నాకు జరిగింది చెప్తా. 1980ల నాటి ఇంటి సెట్. గోడకు పాత సున్నం రంగు, కిటికీ కింద వాన నీళ్లు కారిన చారలు, అన్నీ చక్కగా కుదిరినయి. ఒక మూలకు మాత్రం ఈ కాలం ప్లాస్టిక్ స్విచ్‌బోర్డు బిగించేశాను. షాట్ పెట్టాక మానిటర్‌లో కనబడింది. చెక్క పలక, నల్లటి గుండ్రటి స్విచ్‌లు తెప్పించి మార్చేదాకా రెండు గంటలు అందరూ ఖాళీగా కూర్చున్నారు. ఆ రోజు నుంచి ఏ ఇంటికి పోయినా ముందు స్విచ్‌బోర్డు చూస్తా.

మన దిక్కున నేర్చుకోవడానికి చాలా ఉంది. చేర్యాల పోయి మాస్కులు ఎలా చేస్తున్నారో చూడు. రంపపు పొట్టు, చింతగింజల జిగురు కలిపి చేస్తారు. తేలికగా ఉండే వస్తువు ఎలా చేయాలో అక్కడే అర్థమవుతుంది. పెంబర్తి ఇత్తడి పని చూడు. 1213 నాటి రామప్ప గుడి దగ్గర అరపూట కూర్చుని, ఏ వేళకు ఏ శిల్పం మీద వెలుగు పడుతుందో రాసుకో.

జవాబు (కాజీపేట నుంచి):
చదువు సంగతి నేను చెప్తాను. పుణెలో సినిమా చదువులు చెప్పే ప్రభుత్వ సంస్థ ఎఫ్‌టీఐఐలో ఆర్ట్ డైరెక్షన్, ప్రొడక్షన్ డిజైన్ కోర్సు ఉంది. దానికి ఫైన్ ఆర్ట్స్, ఆర్కిటెక్చర్, ఇంటీరియర్ వంటి చదువు అడుగుతారు కాబట్టి నోటిఫికేషన్ జాగ్రత్తగా చదువుకో. హైదరాబాద్‌లో ఫైన్ ఆర్ట్స్, ఆర్కిటెక్చర్ యూనివర్సిటీ జేఎన్‌ఏఎఫ్‌ఏయూలో బీఎఫ్‌ఏ (ఫైన్ ఆర్ట్స్ డిగ్రీ) నాలుగేళ్లు, ప్రవేశ పరీక్ష రాయాలి. ఇంకో నాలుగేళ్లు ఇంట్లో ఒప్పుకోకపోతే అసిస్టెంట్‌గా చేరడమే దారి. యూనియన్ కార్డు ఇప్పిస్తాం, ఛాన్స్ ఇప్పిస్తాం అని ముందే డబ్బులు అడిగేవాళ్లకు రూపాయి కూడా ఇవ్వకు.

ప్రశ్న అడిగినవారు:
చాలా థాంక్స్. కంప్యూటర్‌లో 3డీ డిజైన్ వేసే సాఫ్ట్‌వేర్ స్కెచప్ ఇప్పుడే నేర్చుకోవాలా?

జవాబు (జనగామ):
నేర్చుకో, కానీ టేపుతో కొలవడం ముందు. మీ ఊళ్లో ఒక పాత పెంకుటిల్లు పట్టుకో. దర్వాజా ఎత్తు, కడప మందం, గోడ మందం, అరుగు వెడల్పు, దూలానికి దూలానికి మధ్య దూరం అన్నీ అడుగులు, అంగుళాల్లో రాయి. ఆ కొలతలతోనే స్కెచప్‌లో ఇల్లు కట్టు. బాపుకు కూడా అదే చూపించు. బ్యాంకు కోచింగ్ ఆపనక్కర్లేదు, ఆర్నెల్లు రెండూ నడవనీ.

ప్రశ్న అడిగినవారు:
పరకాల దగ్గర అమ్మమ్మ వాళ్ల పాత పెంకుల భవంతి ఉంది, ఆదివారం పోతా. దూలం ఎత్తు కొలవాలంటే నిచ్చెన కావాలా?

జవాబు (జనగామ):
వద్దు. పొడుగు కర్ర కొసకు టేపు కొన కట్టి పైకి నిలబెట్టు, కింద రీడింగ్ చూసుకో. పెంకు ఒకటి తీసి దాన్ని కూడా కొలువు, మళ్లీ అక్కడే పెట్టు.