వాటర్ బెడ్‌లో గాలి చేరితే నీళ్ళన్నీ వంచేయాలా, మూత తీసి గాలి వదిలితే చాలా?

పాలకొల్లు కోడలు: మా అత్తగారు పక్షవాతంతో మంచం పట్టారండి. వీపు పుళ్ళు పడకుండా వాటర్ బెడ్ తెచ్చాం. నింపిన కొద్దిరోజులకే లోపల గాలి చేరింది. పక్కకి తిప్పితే గుడగుడమంటోంది, ఆవిడ భయపడి నిద్రపోవట్లేదు. మొత్తం వంచేసి మళ్ళీ నింపాలని మరిది ఫోన్‌లో అంటున్నారు. మూత తీసి గాలి వదిలితే చాలని మా ఆయన. ఏది చెయ్యమంటారు?

రాజోలు చిన్నోడు: మీ మరిదిగారిదే కరెక్టండి. ఖాళీ బెడ్‌ని అవతలి కొస నుంచి మూతి దాకా చుట్టుకుంటూ వచ్చి గాలంతా ముందే నొక్కేయాలి. తర్వాత పైపు లోపలికంటా పెట్టి, కుళాయి సన్నగా తిప్పాలి. పైనుంచి ధారగా పోస్తే నీళ్ళతోపాటు గాలీ లోపలికి పోతుంది. ఇక చోటు లేదన్నంత వరకు నింపి మూత బిగించండి.

తణుకు మాస్టారు: ఎంత జాగ్రత్తగా నింపినా కొంత గాలి వస్తుందండి. అది నీళ్ళలోనే కరిగి ఉంటుంది. లీటరు నీటిలో 25 డిగ్రీల దగ్గర సుమారు 8 మిల్లీగ్రాముల ఆక్సిజన్ ఇముడుతుంది, 35 దగ్గర 7 మాత్రమే. ఒంటి వేడికి నీళ్ళు వెచ్చబడేకొద్దీ మిగతాది బుడగలవుతుంది. నత్రజని సంగతీ అంతే. వంచేసి కొత్త నీళ్ళు పోస్తే మళ్ళీ కథ మొదటికి.

రాజోలు చిన్నోడు: మే నెలలో మా బోరు నీళ్ళు వెచ్చగానే వస్తాయి మాస్టారూ. ఆ లెక్క ఇక్కడ కుదరదు. మా నాన్నగారి బెడ్ నేనే నింపాను, ఒక్క బుడగ రాలేదు. వీళ్ళు కాలువ నీళ్ళు పోసుంటారు.

పాలకొల్లు కోడలు: కాలువలకి నీళ్ళు ఆపేశారు కదండీ. కుళాయి నీళ్ళే పోశాం.

భీమవరం: మోటారుతో నడిచే ఎయిర్ బెడ్ తీసుకోండి, ఈ గొడవే ఉండదు.

అంతర్వేది: గాలివానకి కరెంటు పోతే ఆ మోటారు ఎవరు తిప్పుతారండి?

నర్సాపురం నర్సు: చోటు లేకుండా నింపమనడం మాత్రం తప్పండి. బిర్రుగా నింపితే బెడ్ గట్టిపడి ఒళ్ళు అందులోకి దిగదు, బరువంతా నడుం కింది ఎముక మీదా మడమల మీదా పడుతుంది. మరీ తక్కువైతే కింద మంచం తగులుతుంది. దుప్పటి కూడా లాగి కట్టొద్దు.

గాలి తీయాలంటే అమ్మగారిని ఇంకో మంచం మీదకి మార్చండి. మూతి ఉన్న వైపు కొంచెం ఎత్తి, అవతలి నుంచి రెండు చేతులతో నెమ్మదిగా నొక్కుకుంటూ రండి. నీళ్ళు మూతి అంచుకి రాగానే బిగించేయండి. రెండు మూడు రోజులాగి మరోసారి. వంచక్కర్లేదు.

తణుకు మాస్టారు: నర్సుగారి మాట నిజం. 1832లో నీల్ ఆర్నాట్ అనే స్కాట్లాండ్ డాక్టరు ఈ పుళ్ళ కోసమే నీళ్ళ పడక చేశారు. తొట్టిలో నీళ్ళు, పైన వదులుగా రబ్బరు గుడ్డ, అంతే. ఒళ్ళు తేలాలి.

రాజోలు చిన్నోడు: 1832 ఎందుకండీ ఇప్పుడు? నింపడం సరిగ్గా ఉంటే తర్వాత తియ్యాల్సిన పనే లేదు.

నర్సాపురం నర్సు: మీరు పైపు దగ్గరే ఆగిపోయారు. కోడలుగారూ, రెండు గంటలకోసారి పక్కకి తిప్పుతున్నారా?

రాజోలు చిన్నోడు: తిప్పక్కర్లేదనే కదా అంత పోసి బెడ్ కొనేది!

నర్సాపురం నర్సు: ఎవరు చెప్పారండీ ఆ మాట? బెడ్ ఉన్నా తిప్పాల్సిందే. మీ నాన్నగారిని ఎవరు తిప్పేవారు?

రాజోలు చిన్నోడు: ఎవరూ తిప్పలేదు. కొట్టువాడు అక్కర్లేదన్నాడు. నాన్నకి పుండు పడితే, బెడ్ నింపింది నేను కాబట్టి నాదే తప్పని ఇంటిల్లిపాదీ అన్నారు. మా అన్నయ్య ఇప్పటికీ మాట్లాడడు. అందుకే నింపడం గురించి ఇంత చెబుతున్నా. నేను సరిగ్గానే నింపాను.

పాలకొల్లు కోడలు: సరిగ్గానే నింపుంటారండి. మీ బాధ అర్థమైంది, నాదీ వినండి. పగలూ రాత్రీ తిప్పేది నేనొక్కదాన్నే. నింపడం రాలేదని మరిది, మూత తియ్యమని ఈయన, ఇద్దరూ గాలి గురించే. రాత్రి రెండింటికి లేచే మాట ఎవరూ ఎత్తరు. నా నడుం పోతోందండి.

తణుకు మాస్టారు: అమ్మా, ఈ మాట ఇంట్లో చెప్పారా?

పాలకొల్లు కోడలు: ఇప్పుడే ఈ పేజీ మా ఆయనకి చూపించాను. ఆదివారం మరిదిని రమ్మన్నారు. అత్తగారిని ముగ్గురం కలిసి పక్క మంచం మీదకి దింపి, నర్సుగారు చెప్పినట్టు గాలి తీస్తాం. రాత్రి వంతులు కూడా ఆ రోజే రాసుకుంటాం.