అటెండెన్స్ 66 శాతమే ఉంది, సెమిస్టర్ పరీక్ష రాయనిస్తారా?

సెకండియర్ ఈసీఈ:
మాది మిర్యాలగూడ. హైదరాబాద్‌లో జేఎన్‌టీయూహెచ్ కింద ఉన్న ఒక కాలేజీలో బీటెక్ చదువుతున్నాను. ఆగస్టులో డెంగీ వచ్చింది. ప్లేట్‌లెట్లు పడిపోయి ఆరు రోజులు ఆసుపత్రిలో ఉన్నాను, తర్వాత రెండు వారాలు ఇంట్లో లేవలేకపోయాను. మొదటి మిడ్ పరీక్ష కూడా పోయింది. ఇప్పటికి 412 పీరియడ్లు జరిగితే నేను వెళ్లినవి 272. ఇంకో 68 ఉన్నాయి. ఆఫీసులో అడిగితే "నాన్నను తీసుకురా, అప్పుడు చూద్దాం" అంటున్నారు. నాన్న లారీ డ్రైవర్, వైజాగ్ లైన్‌లో ఉన్నారు, పది రోజుల దాకా రారు. రాత్రిళ్లు నిద్ర పట్టడం లేదు. ఏం చేయాలో చెప్పండి.

ఫైనలియర్:
టెన్షన్ పడకు తమ్ముడూ. మెడికల్ సర్టిఫికెట్ పెట్టు, ఆ రోజులన్నీ కలిపేస్తారు, పరీక్షకు కావాల్సిన 75 శాతం దాటేస్తావు. అయినా అటెండెన్స్ తక్కువని పరీక్ష ఆపకూడదని ఢిల్లీ హైకోర్టు 2025 నవంబరులో చెప్పింది కదా.

రిటైర్డ్ అకడమిక్ సెక్షన్:
ఒక ఇంజనీరింగ్ కాలేజీ ఆఫీసులో ఇరవై రెండేళ్లు పనిచేశాను. బాబూ, పైన చెప్పింది నమ్మకు. మెడికల్ పెడితే హాజరు కలవదు. నీ శాతం ఎంతుందో అంతే ఉంటుంది. 65కీ 75కీ మధ్య ఉన్నవాళ్లకు, కారణం సరైనదైతే, ఆ తక్కువను కాలేజీ అకడమిక్ కమిటీ మన్నిస్తుంది. దాన్నే కండోనేషన్ అంటారు, దానికి ఫీజు కట్టాలి. 65 కంటే తగ్గితే ఎంత పెద్ద జబ్బయినా మన్నించే వీలు లేదు. ఈ తేడా తెలియక, సర్టిఫికెట్ ఉంది కదా అని చివరి నెల ఇంటి దగ్గర ఉండిపోయి డిటెయిన్ అయిన, అంటే పరీక్ష రాయనివ్వక ఆపేసిన పిల్లల్ని ఎంతమందిని చూశానో. వాళ్ల అమ్మానాన్నలు కౌంటర్ దగ్గర ఏడుస్తుంటే మా చేతుల్లో ఏమీ ఉండేది కాదు. ఆ హైకోర్టు తీర్పు లా విద్యార్థుల కేసులో వచ్చింది, దాన్ని పట్టుకుని కూర్చోకు.

నీ లెక్క చూడు. మొత్తం 480 అవుతాయి. మిగిలిన 68కీ వెళ్తే 340, అంటే దాదాపు 71 శాతం. 75 ఎలాగూ రాదు. 65 నిలవాలంటే 312 కావాలి, అంటే ఇంకా 40 పీరియడ్లు ఉండి తీరాలి. ల్యాబ్ ఒక్కటి పోతే మూడు పీరియడ్లు పోతాయి, అది గుర్తుంచుకో. రెండో మిడ్ తప్పకుండా రాయి, రాసిన ఒక్కో థియరీ సబ్జెక్టుకు రెండు పీరియడ్ల హాజరు ఇవ్వాలి. పడిందో లేదో వెళ్లి చూసుకో.

నాన్న వచ్చేదాకా ఆగకు. డిశ్చార్జ్ సమ్మరీ, రక్తపరీక్ష రిపోర్టులు, బిల్లులు జతచేసి ప్రిన్సిపల్ పేరున అర్జీ రేపే ఇవ్వు. నువ్వు రాని రోజులూ కాగితాల మీద తేదీలూ సరిపోవాలి. అర్జీ అందినట్టు జిరాక్స్ మీద ఇన్‌వార్డ్ స్టాంపు వేయించుకో.

ఒక సెమిస్టర్ పోయినవాడు:
మేడమ్ చెప్పింది నిజం. నాది 63.4. ఇంటర్నల్ మార్కులతో సహా ఆ సెమిస్టర్ రిజిస్ట్రేషన్ మొత్తం రద్దయింది. మళ్లీ ఆ సెమిస్టర్ పెట్టేదాకా ఆగి, రీఅడ్మిషన్ తీసుకుని జూనియర్లతో కూర్చున్నాను. ఆ ఫీజు మా ఇంట్లోనే కట్టుకున్నారు. ఒక్క క్లాసు కూడా వదలకు తమ్ముడూ.

సెకండియర్ ఈసీఈ:
మేడమ్, ఈరోజు అర్జీ ఇచ్చాను, స్టాంపు వేశారు. నాన్న ఫోన్‌లో మా బ్రాంచ్ హెడ్ హెచ్ఓడీ గారితో మాట్లాడారు. ఇంటి దగ్గరున్న రెండు వారాలకు డాక్టరు రాసిన రెస్ట్ చీటీ కూడా కావాలన్నారు, అమ్మ రేపు పొద్దున బస్సులో పంపుతోంది. నేను మాత్రం ఊరు వెళ్లను. రేపు మూడు పీరియడ్ల ల్యాబ్ ఉంది.