"విదేశీ పక్షులు" అనే మాట ఉల్లంకికి తగునా?

సంక్రాంతి సంచికకు పులికాట్ పక్షుల మీద వ్యాసం రాస్తున్న తమ్ముడు మంచి ప్రశ్న అడిగారు. విదేశీ పక్షులు అనాలా, విదేశీ అతిథులు అనాలా, వలస పక్షులు అనాలా? మొదటి రెండూ వద్దని నా మాట. ఎందుకో ఒక్క పిట్ట బతుకు చూస్తే తెలుస్తుంది.

మన ఉల్లంకినే తీసుకోండి. కర్లూ శాండ్‌పైపర్ అని ఇంగ్లీషు పేరు. గోరింక కన్నా కాస్త చిన్నది. సైబీరియా ఉత్తరపు అంచున, తైమిర్ వైపు, చెట్టూ చేమా లేని టండ్రా నేలలో గుడ్లు పెడుతుంది. అక్కడి నుంచి చెన్నైకి నేరుగా కొలిచినా దాదాపు 7,000 కిలోమీటర్లు. జూన్‌లో అక్కడికి చేరుతుంది, ఆగస్టుకల్లా మన తీరంలో కనిపించడం మొదలవుతుంది. మళ్ళీ ఏప్రిల్, మే దాకా ఇక్కడే. అంటే ఏడాదిలో ఎక్కువ భాగం తినేది మన బురదలోని పురుగులనే. ఏడాది నిండని పిల్లలైతే చాలావరకు ఆ మొదటి వేసవిలో ఉత్తరానికి వెళ్ళనే వెళ్ళవు. కాన్పుకు పుట్టింటికి వెళ్ళి వచ్చిన కోడల్ని మెట్టినింట్లో ఎవరైనా విదేశీయురాలు అంటారా?

"అతిథి" కూడా నాకు నచ్చదు. తిథి చూసుకోకుండా వచ్చేవాడు అతిథి అని పెద్దలు చెప్పే అర్థం. ఇది ఏటా అదే కాలానికి వచ్చే పిట్ట.

*వ్యాఖ్య:* మగపక్షి కూడా వెళ్తుంది కదండీ. కాన్పు పోలిక దానికెలా కుదురుతుంది?

*జవాబు:* నిజమేనండీ, మగదానికి అది కుదరదు. జతకట్టడం అయిపోగానే, గుడ్లు పొదగకుండానే, జూలై మొదట్లో అది బయల్దేరిపోతుంది. పొదగడం, పిల్లల్ని కనిపెట్టుకుని ఉండటం తల్లి ఒక్కదాని పనే. తర్వాత తల్లులూ వచ్చేస్తాయి. ఆఖర్న పిల్లలు, దారి చూపే పెద్దలెవరూ లేకుండా, పుట్టిన కొన్ని వారాలకే ఎగిరొస్తాయి. ఈ సంగతి ఎన్నిసార్లు తలచుకున్నా నాకు ఒళ్ళు జలదరిస్తుంది. లెమ్మింగ్ ఎలుకలు తగ్గిన ఏడు ఆకలిగొన్న ధ్రువపు నక్కలు గుడ్ల మీద పడతాయి. ఆ ఏడు మన దగ్గర పిల్లపక్షులు పలచబడతాయి.

*వ్యాఖ్య:* మా తాతగారు ఉల్లంకి అంటే స్నైప్ అనేవారు. మీరు దీన్ని ఉల్లంకి అంటున్నారేమిటి, మాస్టారూ?

*జవాబు:* తాతగారి మాట తప్పు కాదమ్మా. నీటి ఒడ్డున బురదలో ముక్కు గుచ్చి తినే ఈ పిట్టల్లో చాలావరకు ఒకే కుటుంబం, స్నైప్ కూడా అందులోదే. మన పక్కింటి తమిళంలో ఉళ్ళాన్ అంటారు, వినగానే ఉల్లంకికి దగ్గర చుట్టం అనిపిస్తుంది. వాళ్ళు ఆ ఒక్క మాటకి ముందు మాటలు చేర్చి పిట్టల్ని విడదీసుకున్నారు. పొడవు కాళ్ళది నెడుంగాల్ ఉళ్ళాన్, స్టింట్ అనే బుల్లి పిట్ట కొసు ఉళ్ళాన్. కొసు అంటే దోమ. మనమూ ఆ పని చేయొచ్చు. దీన్ని వంకముక్కు ఉల్లంకి అందాం. ముక్కు నల్లగా, పొడుగ్గా, కొస కిందికి వంగి ఉంటుంది. గుర్తుపట్టడానికి ముందు చూడాల్సింది అదే.

చెన్నై దగ్గరి కేళంబాక్కం బ్యాక్‌వాటర్స్‌లో దీని పక్కనే బుల్లి స్టింట్‌లు తిరుగుతుంటాయి. అవి పిచ్చుకంత ఉంటాయి, ముక్కు పొట్టి. వంకముక్కుది పొట్ట తడిసేదాకా నీళ్ళలోకి దిగి మరీ మేస్తుంది. కంటి మీద తెల్లని కనుబొమ్మ గీత, ఎగిరినప్పుడు తోక మొదట్లో తెల్లని పట్టీ కనిపిస్తాయి. చలికాలమంతా పైన బూడిద రంగు, కింద తెలుపు. ఆగస్టులో దిగినవాటి ఛాతీ మీద కావిరంగు మచ్చలు ఇంకా మిగిలి ఉంటాయి. ఏప్రిల్ వచ్చేసరికి మళ్ళీ ఒళ్ళంతా కావి ఎక్కడం మొదలవుతుంది. అంటే గుడ్లు పెట్టే కాలపు ఆ రంగు కట్టేది కూడా మన తిండి తినే.

*వ్యాఖ్య:* ఏ మాట రాస్తే ఏముందండీ, పిట్టకి తెలుస్తుందా?

*జవాబు:* చదివేవాళ్ళకి తెలుస్తుంది కదండీ. విదేశీ అంటే దాని మంచిచెడ్డలు కూడా విదేశం వాళ్ళవే అనిపిస్తుంది. 2024లో ఈ పిట్టని ప్రపంచ రెడ్ లిస్ట్‌లో ముప్పున్న జాతుల్లోకి మార్చారు. ఇక్కడి బురద మేటల్ని పూడ్చేస్తే అది ఎనిమిది నెలల తిండి పోగొట్టుకుంటుంది. పైగా ఉల్లంకి అని తెలుగులో పేరుందంటే, మనవాళ్ళు తరాలుగా దాన్ని చూసి పిలుచుకున్నట్టేగా.

తమ్ముడూ, శీర్షికలో "వలస పక్షులు" అని పెట్టండి. కోతలకు వెళ్ళి తిరిగొచ్చేవాళ్ళకి మనం వాడే మాటే అది, రాకా పోకా రెండూ అందులో ఉన్నాయి. మొదటి పేరాలోనే ఉల్లంకి పేరు రావాలి. ఫొటో వేసేటప్పుడు ముక్కు కొస ఫ్రేమ్‌లో తెగిపోకుండా చూసుకోండి.