మూకీ యుద్ధచిత్రాలు సైనికులకు ధైర్యం ఇచ్చాయా?

ప్రశ్న:
మొదటి ప్రపంచ యుద్ధంలో ఫ్రాన్స్‌లోని సోమ్ వద్ద జరిగిన పోరును చూపే ‘ద బ్యాటిల్ ఆఫ్ ద సోమ్’ అనే బ్రిటిష్ మూకీ చిత్రాన్ని ఇటీవల చూశాను. 1916 ఆగస్టులో విడుదలైన ఈ చిత్రానికి ఆరు వారాల్లో సుమారు 2 కోట్ల టిక్కెట్లు అమ్ముడయ్యాయట. ఇంటి దగ్గర ఉన్నవారిలో అది దేశభక్తిని రగిలించి ఉండవచ్చు. కానీ రేపో మాపో కందకంలోకి దిగవలసిన సైనికుడికి తోటివారి శవాలను తెరపై చూపిస్తే ధైర్యం వస్తుందా, ఉన్నది కాస్తా సడలిపోతుందా?

మొదటి జవాబు:
సైనికులకు కూడా చూపించారండీ. రోలాండ్ ఫీల్డింగ్ అనే అధికారి, ఆ సెప్టెంబరులో వాన కురుస్తుండగా బురద నేలలో తన దళానికి ఈ చిత్రాన్ని ప్రదర్శించిన సంగతి భార్యకు రాసిన ఉత్తరంలో చెప్పారు. పోరు మొత్తం నిశ్శబ్దంగా సాగిపోతోందని, అన్నిటికన్నా దుర్భరమైన మరతుపాకుల, రైఫిళ్ల కాల్పులు అందులో లేనే లేవని ఆయన గమనించారు. భయం ముందు చెవికే తెలుస్తుంది కనుక, మూకీ చిత్రం సైనికుడికి యుద్ధంలో సగమే చూపించగలిగిందని నా అభిప్రాయం.

రెండవ జవాబు:
పై మాటతో ఏకీభవిస్తూ ఒక్క విషయం చేరుస్తాను. సైనికులు కందకం దాటి ముందుకు దూకే ప్రసిద్ధ దృశ్యం యుద్ధరంగానికి దూరంగా, శిక్షణ స్థలంలో నటింపజేసినది. ఆ కందకం లోతు చాలదు, సైనికుల వీపులపై బరువైన సామాను కూడా లేదు. ఇంట్లోవారు దాన్ని నమ్మి కంటతడి పెట్టి ఉంటారు గాని, అక్కడ నిలబడినవాడి కన్ను ఇట్టే పట్టేస్తుంది. అయితే పోరు మొదలైన జులై 1 ఉదయం 7.20కి హాథార్న్ దిబ్బ కింద పేలిన మందుపాతరను ఈ చిత్రపు కెమెరామన్ జెఫ్రీ మాలిన్స్ అక్కడే ఉండి చిత్రీకరించారు; ఆ ఒక్క రోజే 19,240 మంది బ్రిటిష్ సైనికులు మరణించారు.

మూడవ జవాబు:
నన్నడిగితే సైనికుడికి కావలసింది ప్రబోధం కాదు, నవ్వు. యుద్ధంపై హాస్యం ప్రమాదమని మిత్రులు వారించినా, చాప్లిన్ 1918 అక్టోబరులో, యుద్ధవిరమణకు మూడు వారాల ముందు, ‘షోల్డర్ ఆర్మ్స్’ విడుదల చేశారు. సైనికులు దాన్ని మనసారా ఆదరించారు. అందులో సైనికుడైన చాప్లిన్ నీళ్లు నిండిన బంకరులో పడుకునే ముందు నీటిలో మునిగిన దిండును ఎంతో శ్రద్ధగా తట్టి సరిచేసుకుంటాడు. ఊపిరి కోసం గ్రామఫోను గొట్టాన్ని నోట పెట్టుకుంటాడు. వానాకాలమంతా అలాంటి నీళ్లలోనే నిద్రపోయినవాడికి ఆ దిండు సంగతి ఎవరూ విడమరిచి చెప్పనక్కరలేదు.