అప్‌డేట్: కానిస్టేబుల్ ఫారంలో పాత కేసు రాసేశాం
మా తమ్ముడు కానిస్టేబుల్‌కి సెలెక్ట్ అయ్యాడు, పొలంగట్టు గొడవలో వాడి మీద పాత 323 కేసు, అంటే కొట్టాడనే ఐపీసీ సెక్షన్ కేసు ఉంది, లోక్ అదాలత్‌లో రాజీ అయిపోయింది కదా దాచేయొచ్చా అని అడిగాను గుర్తుందా. దాచలేదండి. శ్రీకాకుళంలో లాయర్ గారు అటెస్టేషన్ ఫారం (ఉద్యోగంలో చేరేముందు మన పాత వివరాలు రాసిచ్చేది) ముందు పెట్టి వేలితో చూపించారు, శిక్ష పడిందా అని ఒక్కటే కాదు, ఎప్పుడైనా అరెస్టయ్యారా, కేసు నడిచిందా, అన్నీ ఉన్నాయి అందులో. 2016లో అవతార్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది కూడా ఇదేనట, నిజం రాసినా ఉద్యోగం ఇచ్చి తీరాలని లేదు, డిపార్ట్‌మెంట్ చూసుకుంటుంది, కానీ చిన్న కేసైతే వదిలేసే వీలుంది, దాచి దొరికితే మాత్రం ఉద్యోగంలో చేరాక కూడా తీసేయొచ్చు. మా నాన్న ఒప్పుకోడానికి చాలా టైం పట్టింది, చేతికందింది పోతాదేమోరా అని ఒకటే బెంగ. చివరికి ఎఫ్ఐఆర్ నంబరు రాసి, అదాలత్ అవార్డు (రాజీ తీర్పు) కాపీ జత చేసి ఇచ్చాం. ఎంక్వైరీకి ఊళ్లోకొచ్చి పక్కింటోళ్ళని అడిగెళ్లారు. అపాయింట్‌మెంట్ ఆర్డరింకా రాలేదు.