ఐదేళ్ల పిల్లకి 'ఊరికే తిరిగే' గేమ్ ఇవ్వొచ్చా?

సర్జాపూర్_అమ్మ:
మా పాపకి ఈమధ్యే ఐదు నిండాయి. మా మరిది వచ్చినప్పుడు ఐప్యాడ్‌లో ఆల్బా అనే గేమ్ పెట్టిచ్చాడు, 2020లో వచ్చింది. మధ్యధరా సముద్రంలో ఒక దీవి. సెలవులకి తాతయ్యా వాళ్లింటికి వచ్చిన పిల్ల పిట్టల్నీ జంతువుల్నీ ఫోటోలు తీస్తూ తిరుగుతుంది, చెత్త ఏరుతుంది, అక్కడ హోటల్ కట్టకుండా ఊళ్లో సంతకాలు సేకరిస్తుంది. ఓడిపోవడం లేదు, టైమర్ లేదు. నాకు నచ్చింది. మా ఆయనేమో "ఇంటి పక్కన చెరువు పెట్టుకుని, సోఫాలో కూర్చుని దీవి తిరగడమేంటి" అంటారు. రెండు వారాలుగా ఇదే గొడవ. మీరేమంటారు?

పెరంబూర్_నాన్న:
మీ ఆయన మాటే నాదీ. 2 నుంచి 4 ఏళ్ల పిల్లలు కూర్చుని స్క్రీన్ చూడటం రోజుకి గంట మించకూడదని ప్రపంచ ఆరోగ్య సంస్థ 2019లోనే చెప్పింది. మన పిల్లల డాక్టర్ల సంఘం 5 దాటాక రెండు గంటల్లోపు అంటుంది. నెమ్మదిగా సాగే గేమ్ కదా అని అందులో మినహాయింపేమీ లేదండీ. రంగులు బాగున్నాయి, సంగీతం హాయిగా ఉంది అని మనకి మనమే సర్దిచెప్పుకుంటున్నాం.

గేమ్‌టెస్టర్_బెంగళూరు:
అన్నీ ఒకే గాటన కట్టకండి. నేను ఈ పనిలోనే ఉన్నాను. ఫ్రీ గేముల్లో రోజూ తెరిస్తే బహుమతి, ఒక్కరోజు మానేస్తే మళ్లీ మొదటికి, ఎనర్జీ అయిపోతే గంటలు ఆగు లేదా డబ్బు కట్టు లేదా యాడ్ చూడు, ఇవన్నీ పిల్లలు ఫోన్ కింద పెట్టకుండా ఉండాలని కూర్చుని ఆలోచించి పెట్టేవే, ఒకప్పుడు అవి సరిగ్గా పనిచేస్తున్నాయని ఓకే చేసింది కూడా నేనే, తలుచుకుంటే సిగ్గేస్తుంది. ఒక్కసారి డబ్బిచ్చి కొనే చిన్న గేములకి ఆ అవసరమే ఉండదు. 2019లో వచ్చిన ఎ షార్ట్ హైక్ చూడండి. ఒక పక్షి పిల్ల ఫోన్ సిగ్నల్ కోసం కొండెక్కుతుంది. బంగారు ఈకలు దొరికేకొద్దీ ఇంకాస్త ఎక్కగలదు, మధ్యలో చేపలు పట్టుకోవచ్చు, ఎవరో కనిపిస్తే కబుర్లు చెప్పొచ్చు. కొన్ని గంటల్లో అయిపోతుంది. అయిపోతుంది, అదీ నాకు నచ్చింది.

వైట్‌ఫీల్డ్_బాబాయ్:
ముందు ఫోన్ లేకుండా అన్నం తినిపించండమ్మా, దీవులు తర్వాత చూపిద్దురు.

పెరంబూర్_నాన్న:
టెస్టర్ గారూ, అయిపోయాక ఏమవుతుందో కూడా చెప్పండి. అదే గేమ్ మావాడు అవగొట్టి "నాన్నా, ఇంకోటి" అన్నాడు.

సర్జాపూర్_అమ్మ:
బాబాయ్ గారూ, అన్నం ఫోన్ లేకుండానే తింటుంది, ఆ ఒక్క విషయంలో నన్నేమీ అనకండి :)

నిన్న పాపని కైకొండ్రహళ్ళి చెరువుకి తీసుకెళ్లాం. ఒక నల్ల పక్షి రాయి మీద రెక్కలు బార్లా చాపి నిలబడింది. పాప అరచెయ్యి ఫోన్‌లా పట్టుకుని "క్లిక్" అనేసి ముందుకి నడిచింది. "ఆగవే, రెక్కలు అలా ఎందుకు పెట్టిందో చూడు" అంటే "అది అయిపోయిందమ్మా, లెక్కలో పడిపోయింది" అంది. మా ఆయన నన్ను చూసిన చూపు ఇక్కడ రాయలేను. పెరంబూర్ గారూ, ఫోటో తీయగానే టిక్కు పెట్టేసి వదిలేసే ఈ అలవాటు గేమ్‌దే, ఒప్పుకుంటున్నాను.

కానీ ఆ పక్షి పేరు నాకూ తెలీదు. గట్టు మీంచే కడపలో మా అత్తయ్యకి ఫోన్ చేశాను. నీటికాకి అట. నీళ్లలో మునిగి చేపలు పడుతుంది, ఈకలు తడిసిపోతాయి, అందుకే ఎండలో ఆరబెట్టుకుంటుంది అన్నారు. స్పీకర్‌లో విని పాప వెనక్కొచ్చి "మన బట్టల్లాగానా?" అంది, ఆ పక్షి ఎగిరిపోయేదాకా కదల్లేదు. స్కూల్లో ఇంగ్లీషు, కింద పిల్లలతో కన్నడం. తెలుగులో ఇన్ని ప్రశ్నలు అడగడం ఈ గేమ్ పక్కన కూర్చున్నాకే మొదలైంది, ఎందుకంటే అందులో రాతలు దానికి చదవడం రాదు, నేనే తెలుగులో చెప్పాలి. అందుకని ఆదివారం అరగంటే, అదీ ఎవరైనా పక్కనుంటేనే అని పెట్టుకున్నాం.

పెరంబూర్_నాన్న:
అరగంటకి లాక్కునేది ఎవరు?

సర్జాపూర్_అమ్మ:
మా ఆయనే. ఇప్పుడు పక్కన కూర్చున్నది కూడా ఆయనే, నలభై నిమిషాలైంది. గేమ్‌లోని అడవిలో లింక్స్ అనే అడవిపిల్లి దొరకలేదట, తండ్రీ కూతుళ్లు ఇంకా వెతుకుతున్నారు.